శవం వేషం

చిట్టినాన్నా, మన యానాం నుంచి ఫ్రెంచి పాస్‌పోర్టుతో లాస్ ఏంజెలెస్ వచ్చి, సినిమాలకు అట్టగోడల ఇళ్లు కట్టావు. శవం వేషం వేసే నటుడు రాకపోతే నిన్నే పడుకోబెట్టేవారు. డైరెక్టరు "కట్" అనగానే లేచి, "అమ్మా, ఆకలే!" అంటూ నా క్యారియర్ విప్పేవాడివి.

ఈరోజు నిజం శవపేటికలో పడుకున్నావు. పూలు నీ సెట్టువాళ్లే సర్దారు. రంగు కలవలేదని నా బంతిపూలు తీసేశారు.

"లైటింగ్ చూశారా ఆంటీ? అన్న ఎంత న్యాచురల్‌గా ఉన్నాడో!" అంది నీ అసిస్టెంటు నమ్రత.

"బాగుందమ్మా. ఇక కట్ చెప్పమను. వాడికి ఆకలేస్తుంది," అన్నాను.

ఆ పిల్ల డైరెక్టరుకు ఇంగ్లీషులో చెప్పింది. ఆయన లైట్లు ఆర్పించాడు.

నీకని తెచ్చిన క్యారియర్‌లో పప్పన్నం చల్లారిపోయింది నాన్నా.

ఇది చదివే బిడ్డలూ, మీరైనా వేళకు కడుపునిండా తినండి.