కడిగిన పాలసీసా

టీవీలో హంతకుడు ఖాళీ పాలసీసాను శుభ్రంగా కడిగి, పొద్దున పాలవాడు తీసుకుపోయేలా గుమ్మం బయట పెట్టాడు. మళ్ళీ లోపలికొచ్చి గడియ వేశాడు. ఆ తరువాతే మేడమెట్లు ఎక్కాడు.

షెఫీల్డ్‌లోని తన ఇంట్లో ఒంటరిగా చూస్తున్న హిల్డా ప్రాసర్ చేతిలో టీ చల్లారిపోయింది. గూఢచార శాఖలో ఉండగా ఆమె ఆ హంతకుణ్ణి పదకొండేళ్ళు వెంటాడింది. దొరకలేదు. ఆ కథనే ఇప్పుడు సీరియల్‌గా తీశారు. అడిగినవన్నీ చెప్పింది గానీ సీసా సంగతి చెప్పలేదు. అది, ఆ హంతకుడి చేతిలో దెబ్బతిని ప్రాణం పోతూ ఒకడు ఆమె చెవిలో చెప్పిన ముక్క. అది ఎవడి నోట వస్తే వాడే అసలు హంతకుడని తేలుతుందని, ఫైల్లో కూడా రాయలేదు.

రచయిత టోబీకి ఫోన్ చేసింది.

"సీసా సంగతి నీకెవరు చెప్పారు?"

"మీ పాత మనిషే మేడమ్. మీతో పనిచేశానన్నాడు. ముసలాయన, భలే నెమ్మదస్తుడు. మీకు మతిమరుపని నవ్వాడు కూడా."

"అది తెలిసినవాళ్ళం ఇద్దరమే టోబీ. నేనూ, ఆ పని చేసినవాడూ."

"అదేంటి మేడమ్... మీ అడ్రసు కూడా ఇచ్చానే. ఈ భాగం మీతో కలిసి చూస్తానంటేనూ."

హిల్డా టీవీ గొంతు పూర్తిగా తగ్గించింది. కిటికీ తెర తొలగించి చూసింది. గుమ్మం బయట పాలసీసా ఉంది, ఇంకా తడిగా.

వీధి తలుపుకు లోపలి గడియ పడి ఉంది. పడుకోబోయే ముందు తప్ప ఆమె ఆ గడియ వేయదు.

"మేడమ్," అన్నాడు టోబీ ఫోన్లో, "వచ్చాడా మరి?"