వేలిముద్రల సంచి

“ఒసే మరిడమ్మా, ఆడికి వేలిముద్ర ఎయ్యకే!”

చిన్నతల్లి కేకకు తోడికోడలు మరిడమ్మ ఉలిక్కిపడి, సిరా అంటిన బొటనవేలు చీరకు తుడుచుకుంది. కాగితాల కట్ట పట్టుకున్న ఉపేంద్ర నవ్వాడు. ఆ నవ్వే చిన్నతల్లికి నచ్చలేదు.

చుట్టూ నాలుగు వేల జనం. కలెక్టరాఫీసు ముందు రోడ్డంతా జెండాలే. తీరంలో బొగ్గు కరెంటు ఫ్యాక్టరీ వద్దని, ఇప్పటికే ఎండలకు మాడిపోతున్నామని, సముద్రం ఊళ్ల మీదికి వచ్చేస్తోందని పొద్దుటి నుంచి గొంతులు చించుకుంటున్నారు. మొన్నటి తుఫానుకు ఉప్పునీళ్లు ఎక్కి చిన్నతల్లి ఎకరంలో సగం చౌడైపోయింది. మిగిలిన సగం ఫ్యాక్టరీ ప్లానులో ఉంది.

గజపతినగరం నుంచి దిగిన ఈ షావుకారి కొడుకు ఉపేంద్ర మాత్రం ఒక్క నినాదం ఇవ్వడు. నెల రోజులుగా ఊరూరా తిరిగి వేలిముద్రలు పోగేసి సంచిలో కుక్కుతున్నాడు.

“ఏటికి బావూ ఈ ముద్రలు?” అని అడిగింది చిన్నతల్లి.

“ఆఫీసులో ఇవ్వాలమ్మా. ఊరికే అరిస్తే పనవదు.”

ఆమెకు ఒళ్లు మండింది. ఆరేళ్ల కిందట రోడ్డు కోసమని మీటింగు పెట్టి, హాజరు పట్టీ అని చెప్పి ఇలాగే వేలిముద్రలు వేయించుకున్నారు. తర్వాత అదే కాగితం, భూమి ఇవ్వడానికి ఒప్పుకున్నట్టుగా బయటికొచ్చింది. ఆమె పల్లపు పొలం చెక్క అలాగే పోయింది.

మూడు గంటలకు ఉపేంద్ర పక్కకెళ్లి ఫోన్లో గొంతు తగ్గించాడు. “సార్, అన్ని ఊళ్లూ అయిపోయాయి. ఐదులోగా మీ టేబుల్ మీదుంటాయి.”

“ఇన్నావేటే? ఆడు కంపెనీ మనిసే!” అంది చిన్నతల్లి.

“మరేటి సేద్దాం అప్పా?”

“నువ్వు సూస్తూండు.”

ఉపేంద్ర సంచి అక్కడే పెట్టి మజ్జిగ తాగడానికి లేచాడు. జనానికి పులిహోర వండుతున్న గాడిపొయ్యి ఇరవై అడుగుల్లోనే ఉంది. చిన్నతల్లి సంచిని కొంగు కింద దాచుకెళ్లి, కట్టెలతోపాటు మంటలోకి తోసేసింది. అందరి భూములూ తానే కాపాడానని ఆమెకు కడుపు నిండిపోయింది.

ఉపేంద్ర పిచ్చెత్తినట్టు వెతికాడు. వెతుక్కో నాయనా, అనుకుంది.

ఐదున్నరకు అధికారి గేటు దగ్గరికొచ్చాడు. చిన్నతల్లి జనాన్ని తోసుకుంటూ ముందుకెళ్లింది.

“ఇంతమందిమి వద్దంతన్నాం బావూ! ఇంకేటి కావాలి మీకు?”

“ఐదుతో గడువు ముగిసిందమ్మా,” అంటూ అధికారి ఖాళీ ఫైలు తెరిచి చూపించాడు.

“వద్దని రాసిచ్చిన కాగితం ఒక్కటీ రాలేదు.”