ముందు బండికి దూరం

"ఇంకా దగ్గరికి రా నాన్నా. అంత దూరం నుంచి పట్టు దొరకదు," అంది కూతురు, గేమ్ రిమోట్ నొక్కుతూనే.

తెరమీద తండ్రి బొమ్మ మళ్ళీ గాలిని వాటేసుకుంది. ముందు బండికి దూరం పాటించడం బస్సు డ్రైవరుగా ఆయనకి ముప్పై ఏళ్ళ అలవాటు.

పందెం వేసింది ఆయనే. కూతురి బొమ్మని గట్టు మీంచి ఒక్కసారి విసిరేస్తే, ఆమె హాస్టలుకి వెళ్ళదు.

ఆటలో కంప్యూటర్ ఆడించే మిగతా రెండు బొమ్మలూ ఎప్పుడో పడిపోయాయి. ఈసారి ఆయన ఆనుకునేదాకా వెళ్ళి నొక్కాడు. పట్టు దొరికింది, సరిగ్గా గట్టు అంచున.

"నేర్చేసుకున్నావ్. ఇంక విసిరెయ్," అంది కూతురు. తన రిమోట్ ఒళ్ళో పెట్టేసుకుంది.

ఆయన మీట మీంచి వేలు తీసేశాడు. ఆమె బొమ్మ క్షేమంగా నిలబడింది.

"వదిలేశావేం?"

"స్టాపొచ్చాక దింపకుండా ఎవర్ని తీసుకుపోయానే, ఇన్నేళ్ళలో?"