అడుగు అడిగిన మాట

“ఇప్పుడు పురస్కృత కవి అంబదాస్ గారు వేదిక మీదికి రావాలె!” మంచిర్యాల ఫంక్షన్ హాల్లో మైకు పట్టుకున్న దీపిక పిలిచింది.

అంబదాస్ వేదికెక్కి, తనకు శాలువా కప్పేదాకా ఆగి, అప్పుడు మెల్లగా చెప్పాడు. “పురస్కృత కాదు బిడ్డా. నేను ఫోన్ల జెప్పింది బహిష్కృత.”

రెంటికీ తేడా రెండున్నర అక్షరాలే. కానీ శాలువా ఒకదానికే కప్పుతారు.

దీపిక పరేషానైంది. “ఎవలు బహిష్కరించిండ్రు సార్?”

“కరీంనగర్‌ల కాలు పెట్టద్దని హుకుమైంది. మూడు నెలలాయె.”

“గంత ఘాటుగ ఏం రాసిండ్రు?”

“రాయలే. నోటితోని ఒక్క మాటన్న. మంచి కవిత రాసి పదిమంది ముంగట సదివితెనే మళ్ల రానిస్తరట.”

మూడు నెలలుగా అక్క ఇంట్లో ఉంటున్నాడు. ఒక్క పంక్తి పుట్టలేదు. కలం ఎండింది గానీ గళం ఎండలేదు. “ఇయ్యాల రాస్త, సూడు!” అని ముందు వరుసలో కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు.

డోలు మోగింది. కరీంనగర్ నుంచి వచ్చిన పద్మలత పేరిణి లాస్యం మొదలుపెట్టింది. యాభైకి దగ్గరపడ్డ మనిషి, అడుగేస్తే స్టేజీ చెక్కలు తాళం పట్టాయి. అంబదాస్ కాలు దిగింది, కలం లేచింది. ఆహ్వానపత్రిక వెనక గబగబా గీకాడు. లాస్యం ముగిసింది, ఆయన ఆలస్యం చేయకుండా మైకు అందుకున్నాడు.

“నీ పాదం పడ్డచోట
నా పద్యానికి పాదమొచ్చె!
నీ అడుగు నన్నడిగె,
అడుగునెందుకున్నవని!”

హాలంతా చప్పట్లు. పద్మలత మాత్రం గజ్జెలు ఘల్లుఘల్లుమంటుండగా వచ్చి మైకు గుంజుకుంది.

“ఇయ్యాల గింత పొగుడుతుండు గదా! మూడు నెలల కింద గిదే ఆట సూసి, గీయనే ‘అమ్మో ఘోరం’ అన్నడు!”

తలలన్నీ అంబదాస్ వైపు తిరిగాయి.

“అయ్యో మేడం!” అంబదాస్ మైకు లేకుండానే అరిచాడు. “‘అమ్మో ఘోరం’ కాదు, ‘అమోఘం’ అన్న! డోలు మోతల మీ చెవుల గట్ల పడ్డది!”

హాలు ఘొల్లుమంది. పద్మలత మూతి బిగించి చూసింది, ఆగలేక తనూ నవ్వేసింది. “అరె, జర గట్టిగ జెప్తే ఏమాయె? సరే, హుకుం వాపస్!”

దీపిక నోరు తెరిచింది. “హుకుం మీదేనా మేడం? ఇంతకు సార్ మీకేమైతరు?”

“పెనిమిటి.”