మాస్టారి మాట

"హోటల్ లిఫ్టులో వేసే పాటలా ఉంది," అన్నాడు గ్రేడీ ఇంగ్లీషులో.

ఫుసాకో కళ్లజోడు తీసి తుడుచుకుంది. తర్వాత తొగాషి వైపు తిరిగి జపనీసులో చెప్పింది. "చాలా బాగుందంటున్నారు మాస్టారూ. ఇంకాస్త మెత్తగా ఉంటే ఆ సన్నివేశానికి అతుకుతుందేమోనట."

తొగాషి కళ్లు సగం మూసుకుని విన్నాడు. టోక్యోలోని ఆ స్టూడియోలో పొద్దున్నుంచీ ఇదే వరస. గ్రేడీ సిడ్నీ నుంచి వచ్చిన దర్శకుడు. అతని సినిమా చివరి ఘట్టానికి సంగీతం కుదరడం లేదు.

"చెవుల్లో గుడ్డలు కుక్కుకున్నాడేమో అడుగు వాణ్ని," అన్నాడు తొగాషి. "వాడి సినిమాయే ఒక నిద్రమాత్ర. మెలకువగా కూచుని బాణీ కట్టాను, అదే ఎక్కువ."

ఫుసాకో గ్రేడీకి చెప్పింది. "మీరన్నదాని గురించే మాస్టారు ఆలోచిస్తున్నారు. మీ సినిమాలో ఒక నెమ్మది ఉందట. దానికి తగ్గట్టు వయొలిన్లు తీసేసి చూద్దామా అంటున్నారు."

గ్రేడీ ముఖం విప్పారింది. "సరిగ్గా అదే నాక్కావలసింది. ఎంత పెద్దమనిషండీ ఈయన."

ఆమె ఇటు తిరిగేసరికే, వయొలిన్ల వాళ్లని కాసేపు బయటికి వెళ్లమని తొగాషి చేత్తో సైగ చేస్తున్నాడు. అలిసిపోయాడనుకుంది ఫుసాకో.

తనూ అలిసిపోయింది. ఇరవై ఏళ్లకు పైగా ఇదే పని. లండన్, బెర్లిన్, టొరంటో. రికార్డింగులు, బహుమతి సభలు, పత్రికలవాళ్లు. పరాయి భాష తొగాషికి ఒక్క ముక్క రాదని అందరూ అనేవారు. ఆయనా కాదనలేదు. బయటి దేశాల్లో ఆయన సంగీతానికి ఎంత పేరో, వినయానికీ అంతే పేరు. ఆ వినయమంతా వండి వడ్డించింది ఫుసాకో. ఒకసారి ఆమెకి జ్వరమొస్తే, వేరే దుబాసీ వద్దంటే వద్దని ఆయన లండన్ ప్రయాణమే మానుకున్నాడు. ముసలాయన మొండితనం అనుకున్నారంతా.

ఈ రోజుతో ఆమె పని సరి. మోకాళ్లు ఇక విమానాలెక్కనివ్వవు. రేపట్నుంచి కొత్త దుబాసీ వస్తోంది. అక్షరం పొల్లుపోకుండా చెబుతుందని పేరు. ఆ సంగతి తెలిసినప్పట్నుంచీ ఫుసాకోకి కంటి మీద కునుకు లేదు. మాస్టారూ గ్రేడీ రేపే కొట్టుకుంటారు. ఈ సినిమా పోతుంది. ఆ కబురు పాకితే తర్వాతివీ పోతాయి.

మధ్యాహ్నం ముగ్గురూ పక్క వీధిలో సోబా తినడానికి వెళ్లారు. గ్రేడీ పుల్లలతో ఆ నూడుల్స్ పట్టలేక తంటాలు పడుతున్నాడు. అతనికి జపనీసు రాదు. చెప్పదలుచుకుంటే ఇప్పుడే చెప్పాలి.

"మాస్టారూ, నేను మీకు ద్రోహం చేశాను."

"సోబా మెత్తబడిపోతోంది. తిని చెప్పు."

"ఇన్నేళ్లలో మీ మాట ఒక్కటీ ఉన్నదున్నట్టు చెప్పలేదు. వాళ్ల మాటా మీకు చెప్పలేదు. అటు సగం, ఇటు సగం నా సొంతమే. బెర్లిన్‌లో ఆ నిర్మాతని మీరు పంది అన్నారు. ఆప్తమిత్రుడన్నారని చెప్పాను."

"అందుకా వాడు నన్ను కావలించుకున్నాడు?"

"నవ్వులాట కాదండీ. కొత్తమ్మాయి ఇలా చేయదు. మీరే కాస్త చూసి మాట్లాడండి. నా కోసం."

తొగాషి గిన్నె ఎత్తి అడుగున మిగిలిన పులుసు మెల్లగా తాగాడు. ఆయన ముఖం కూడా బాగా వడిలిపోయి ఉంది.

"నిన్ను చాలా కష్టపెట్టాను," అన్నాడు చివరికి.

ఫుసాకో తల వంచుకుంది. గ్రేడీ ఏం జరుగుతోందో తెలియక ఇద్దరి వంకా మార్చి మార్చి చూశాడు.

తొగాషి గిన్నె కింద పెట్టి, అతని వైపు తిరిగి, ఎక్కడా తడుముకోకుండా ఇంగ్లీషులో అన్నాడు: "ఈవిడ రేపట్నుంచి రాదు, కాబట్టి ఇక మనిద్దరం మర్యాదగా మాట్లాడుకోవడం నేర్చుకోవాలి."