రెండో భాగంలో దొంగ

“మేడం, మీకు మనసెట్ల ఒప్పింది?”

పొద్దున ఫోనెత్తగానే వినబడ్డ మొదటి మాట అది. శశికళ కుక్కర్ మూత బిగిస్తూ ఫోన్‌ని చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుంది.

“ఎవరు బిడ్డా?”

“మోతీని మేడం. బయ్యారం దగ్గర తండా మాది. ఇంటర్ చదువుతున్న. మీ డిటెక్టివ్ నవల రెండో భాగం నిన్న చదువుడు అయిపోయింది. పుస్తకాల సార్‌ను దొంగను చేసిన్రేంది? మొదటి భాగంల ఆయన సాయం లేకుంటె డిటెక్టివ్ మేఘ ఒక్క ఆధారం సుత పట్టకపోవు. మా యాడికి, అంటె అమ్మకు, చదువు రాదు, నేనే చదివి మా మాటల చెప్తున్న. మా అమ్మ మీకు ఫోన్ చేసి గట్టిగ అడుగుమన్నది.”

“కథ బిడ్డా అది. ఎవరో ఒకలు దొంగ కావాలె గద.”

“కావాలె. ఆ సర్పంచ్ కొడుకు లేడా? వాణ్ని చేస్తె ఏమాయె?”

కుక్కర్ కూత వేసింది, ఆ వంకతో శశికళ ఫోన్ పెట్టేసింది.

పుస్తకం వెనక అట్ట మీద ఫోన్ నంబర్ వేయించాలన్న ఆలోచన ఆమెదే. పిల్లలు మాట్లాడతారని ఆశపడింది. మాట్లాడుతూనే ఉన్నారు, పది రోజులుగా. భూపాలపల్లి నుంచి ఎవరో పెద్దాయన పదకొండు నిమిషాల వాయిస్ మెసేజ్ పంపాడు. అందులో తొమ్మిది నిమిషాలు పుస్తకాల సార్ గుణగణాలే. ఆ మనిషిని పుట్టించిన తనకే అన్ని గుణాలున్నట్టు తెలియదు.

ఆమె తెలుగు చెప్పే బడిలో ఇంకా అధ్వానం. తొమ్మిదో తరగతి బోర్డు మీద పెద్ద అక్షరాలతో ‘పుస్తకాల సార్ నిర్దోషి’ అని రాసి ఉంది. చెరిపేసి పద్యం మొదలుపెట్టింది. మధ్యాహ్నానికి మళ్లీ ప్రత్యక్షం. ఈసారి ‘నిర్దోషి’ కింద రెండు గీతలు కూడా.

“టీచర్, పుస్తకాల సార్ అంటే మన మహీధర్ సారే గద?” ముందు బెంచీలోంచి శ్రేయ అడిగింది.

“ఎవరు చెప్పిన్రు? కానే కాదు!”

“మన సార్ లెక్కలు చెప్పినంక లైబ్రరీ తాళం తీస్తడు. ఆయన సుత గంతే. మన సార్ సైకిల్ మీద వస్తడు. ఆయన సుత సైకిలే. మన సార్ అద్దాలు తాడుకు కట్టి మెడల వేస్కుంటడు...”

కళ్లద్దాల తాడు మహీధర్‌దని రాసేటప్పుడు శశికళకు తట్టనే లేదు.

సాయంత్రం హెడ్‌మాస్టర్ నిరంజన్ పిలిపించాడు.

“మేడం, మహీధర్ సార్ మూడు రోజుల నుంచి బడికొస్తలేడు. ఇరవై ఏండ్లల్ల ఇట్లెన్నడు లేదు. సోమవారం మీ పుస్తకం నేనే ఇచ్చిన చదువుమని. మంగళవారం నుంచి మనిషి లేడు.”

“సార్, నేను ఆయన మీద రాయలే! ఎన్నిసార్లు చెప్పాలె, ఎంతమందికి చెప్పాలె?”

“నాకు ఎరుకనే. ఆయనకు ఎరుక కావాలె గద. జర ఇంటికి పోయి ఒక మాట చెప్పి రాన్రి. మంచి మనిషి, మనసు కష్టపెట్టుకున్నడు.”

పుస్తకాల సార్ మంచోడిగా ఉన్న మొదటి భాగానికి బహుమతి వచ్చినప్పుడు మహీధర్ ఇంటికి పోయి మాట చెప్పి రమ్మని ఎవరూ అనలేదు. శశికళ పళ్లు కొరుక్కుంటూ స్టేషన్ ఘన్‌పూర్ రైలు గేటు దాటి మహీధర్ ఇంటికి నడిచింది.

ఆయన భార్య జమున తలుపు తీసింది. “సక్కగ తింటలేడు మేడం. గా పుస్తకమే మల్ల మల్ల చదువుతుండు. అడిగితె పలుకడు. ఏం రాసిన్రు అందుల?”

మహీధర్ లోపలి గదిలో కుర్చీలో ఉన్నాడు. గడ్డం మాసింది. ఒళ్లో పుస్తకం, చివరి అధ్యాయం దగ్గర తెరిచి ఉంది.

దారంతా కూడబెట్టుకున్న కోపం ఆయన్ని చూడగానే జారిపోయింది.

“సార్, ఒట్టేసి చెప్తున్న, అది మీరు కాదు. డిటెక్టివ్ కథల ఎవ్వలకు అనుమానం రాని మనిషి దొంగ కావాలె. అందుకోసం అందరికంటె మంచోన్ని పట్టుకున్న. మంచోడు అనంగనె నా మనసుల మీరే మెదిలిన్రేమో, నాకే తెల్వదు. మల్ల అచ్చేసేటప్పుడు సైకిల్ తీసేస్త, అద్దాలు తీసేస్త. కాదంటె దొంగనే మారుస్త. మీరు మాత్రం రేపు బడికి రాన్రి.”

దొంగను మార్చనని పది రోజులుగా అందరితో కొట్లాడిన మనిషి ఆమె. ఆ మాట తన నోట ఎలా వచ్చిందో ఆమెకే అర్థం కాలేదు.

“మార్చకున్రి,” అన్నాడు మహీధర్. తర్వాత వంటింటి వైపు చూసి, “జమునా, మేడంకు జర చాయ్ పెట్టు,” అన్నాడు.

జమున వెళ్లాక లేచి తలుపు దగ్గరగా వేశాడు. స్టూలెక్కి అటక మీద డబ్బాల వెనక నుంచి బరువైన మూట దించాడు. టేబుల్ మీద పెట్టి, చుట్టిన పాత తువ్వాలు విప్పాడు. మైక్రోస్కోప్. అడుగున తెల్ల రంగుతో రాసిన బడి పేరు ఇంకా చెదరలేదు.

“బిడ్డ పరీక్షలకని ఒక్క వారం కోసం తెచ్చిన. తిరిగి పెట్టకముందె ల్యాబ్ సామాన్ తనిఖీ చేసిన్రు. నింద అటెండర్ లింగయ్య మీద పడ్డది. పనిలకెంచి తీసేసిన్రు. నేను పక్కనె నిలబడ్డ. నోరు తెరవలే. మీరు గీ బడికి రాకముందు ముచ్చట. జమునకు సుత తెల్వదు, ఎప్పుడో వాపస్ ఇచ్చిన అనుకుంటది. ఇన్నేండ్లల్ల ఒక్కలు నన్ను అనుమానించలే.”

శశికళ చేతుల్ని ఆయన రెండు చేతులతో పట్టుకున్నాడు.

“మీకెట్ల తెలిసింది, మేడం?”