విషరాయి

తనకల్లు దగ్గర శెనక్కాయ చేలో కలుపు తీస్తుండగా పుల్లన్నను పాము కరిచింది.

భార్య బయమ్మ ఇంటికి పరుగెత్తి దేవుని గూట్లోంచి విషరాయి తెచ్చింది. పటికబెల్లం పలుకులా మెరిసే ఆ రాయిని కాటు మీద కడితే విషం దిగిపోతుందని చుట్టుపక్కల ఊళ్లన్నీ నమ్ముతాయి. ఇరవై ఏళ్లుగా అందరికీ కట్టింది పుల్లన్నే.

ఆమె రాయి కట్టబోతే అతను చెయ్యి తోసేశాడు.

“అది పనికిరాదు. నూటా ఎనిమిదికి ఫోన్ చెయ్. కదిరి ఆస్పత్రికి పోవల్ల.”

“ఇంతమంది బతికినారు కదా?”

“వాళ్లను కరిసినవి విషం లేని పాములు. ఇది రక్తపింజరి. తొందరగా చెయ్ మే!”

బయమ్మ ఫోన్ చేసి దారి చెప్పింది.

సాయంత్రానికి డాక్టరు గండం గడిచిందన్నాడు. ఆమెకు సంతోషమూ రాలేదు, ఏడుపూ రాలేదు. మంచం పక్కన కూర్చుని మొగుణ్ణి అడిగింది.

“పోయినేడు మా తమ్మున్ని పాము కరిసినప్పుడు, ఆస్పత్రి వద్దు, రాయి చాలంటివి. వాడు నా ఒళ్లోనే పోయినాడు. అప్పుడు గూడా తెలుసునా నీకు?”

పుల్లన్న గోడ వైపు తిరిగాడు.

“తెలుసు. అంతమంది ముందర ఎట్ల చెప్తును?”

బయమ్మ తల ఊపింది.

“ఇడ్లీ పెట్టమన్నారు. తెస్తా,” అని లేచింది.